రిలీఫ్‌ను బట్టే ప్రతివాది
(జస్టిస్ కోకా సుబ్బారావు స్మారకోపన్యాసం, మనామా)

రాజమండ్రిలో పుట్టి, 1954లో గుంటూరులో ఆంధ్ర హైకోర్టుకు తొలి ప్రధాన న్యాయమూర్తి అయిన సుబ్బారావుగారి పేరు మీద మాట్లాడే అవకాశం ఇచ్చారు, కృతజ్ఞుణ్ణి. గోలక్‌నాథ్ తీర్పు గురించి చెప్పేవాళ్లు చాలామంది ఉన్నారు. నాకు ఆయన దగ్గరైంది 1962లో సుప్రీంకోర్టులో ఉదిత్ నారాయణ్ సింగ్ కేసులో ఇచ్చిన చిన్న తీర్పుతో.

అది బిహార్‌లో సారా దుకాణం తగువు. రెవెన్యూ బోర్డు ఉత్తర్వుతో లాభపడ్డవాళ్లను చేర్చకుండానే దాన్ని కొట్టేయమని రిట్ వేశారు. ఎవరి హక్కు పోతుందో వాళ్లు ఎదుట లేకుండా ఉత్తర్వు రద్దు చేయడం కుదరదన్నారు సుబ్బారావుగారు. ఆ సూత్రంతో నాకు పేచీ లేదు. గల్ఫ్ కార్మికుల మీద దాన్ని ప్రయోగించే తీరుతోనే పేచీ.

కక్షిదారుల చేర్పు గురించిన సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 1, రూల్ 9, రూల్ 10 వకీళ్లందరికీ కంఠతా వచ్చినవే. జగిత్యాల నుంచి ఒక భార్య రిట్ వేసిందనుకోండి. ప్రతివాదులు విదేశాంగ శాఖ, మనామాలోని భారత రాయబార కార్యాలయం. కోరింది ఒక్కటే: చిక్కుకుపోయిన భర్తను ఇంటికి చేర్చేలా ఆదేశించండి. వెంటనే అభ్యంతరం లేస్తుంది: బహ్రెయిన్ కంపెనీని చేర్చలేదు, పిటిషన్ చెల్లదు!

ఇలా వాదించేవాళ్లు 1984 నాటి ప్రబోధ్ వర్మ తీర్పు చూపిస్తారు. అక్కడ కోర్టుకు రాని టీచర్ల ఉద్యోగాలకే ఎసరు వచ్చింది. ఇక్కడ కంపెనీకి పోయే హక్కేమిటి? 2005లో కస్తూరి కేసు రెండు పరీక్షలు పెట్టింది: ఆ వ్యక్తి మీద రిలీఫ్ కోరారా? అతను లేకుండా పనికొచ్చే తీర్పు ఇవ్వలేమా? ఈ పిటిషన్‌లో కంపెనీ మీద రిలీఫ్ కోరలేదు, అది లేకుండానే తీర్పు ఇవ్వొచ్చు. శాఖ పేరు తప్పు పడిందన్న అభ్యంతరమూ నిలవదు. ప్రవాస భారతీయ వ్యవహారాల శాఖను 2016లో విదేశాంగ శాఖలో కలిపేశారు. పాత పేరు రాస్తే దిద్దించాలి. పేరు తప్పు పడటం వేరు, చేర్చాల్సినవాణ్ణి వదిలేయడం వేరని ఆంధ్రప్రదేశ్ అటవీశాఖ కేసులో 2003లోనే సుప్రీంకోర్టు గుర్తుచేసింది.

మన వకీళ్లూ పొరపాటు చేస్తున్నారు. 1983 ఎమిగ్రేషన్ చట్టం కింద ఏజెంటు లైసెన్సు రద్దు చేయమంటారు, ఏజెంటును మాత్రం చేర్చరు. సుబ్బారావుగారి సూత్రం అచ్చంగా వర్తించేది అక్కడే. ఇక జీతం బకాయికి దారి ఇక్కడి బహ్రెయిన్ కోర్టే. 2012 నాటి 36వ చట్టం, అంటే ఇక్కడి కార్మిక చట్టం కింద ప్రతివాది కంపెనీయే. దుకాణం బోర్డు మీద ఒక పేరు, కమర్షియల్ రిజిస్ట్రేషన్ (సీఆర్)లో ఇంకో పేరు ఉంటే సీఆర్‌లోదే రాయాలి.

ఏ రిలీఫ్‌కు ఎవరిని చేర్చాలో చెప్పే తెలుగు కరదీపిక ఒకటి ఇప్పుడు రాస్తున్నాను. మీ దగ్గరున్న పిటిషన్ల నకళ్లు, పేర్లు కొట్టేసి, నాకు ఇవ్వండి. కాంట్రాక్టు, సీఆర్ నంబరు, ఏజెంటు లైసెన్సు నంబరు ఈ రాత్రే ఇంటికి పంపి ఉంచండి. రేపు మీ తరఫున కోర్టు మెట్లెక్కే మనిషికి అవే ఆధారం.