గురువు గారు సాయంత్రం ఎక్కడ వాయిస్తారు?

 

ఇవాళ పట్టాలు అందుకుంటున్న పిల్లలారా, సాధన గురించి, వినయం గురించి మీ గురువులు మీకు ఎప్పుడో చెప్పి ఉంటారు. వాళ్లకంటే బాగా నేను చెప్పలేను. అందుకే ఒక ఊరి సంగతి చెబుతాను. జర్మనీలోని లైప్‌జిగ్. అక్కడొక సంగీత కళాశాల ఉంది, ఒక సింఫనీ ఆర్కెస్ట్రా ఉంది. ఆ రెండూ ఒకదాన్నొకటి ఎలా నిలబెట్టుకున్నాయో తెలిస్తే, రేపటి నుంచి మీరు చేయవలసిన పని ఏమిటో మీకే తోస్తుందని నా నమ్మకం.

1845 మార్చి 13న ఆ ఊళ్లోని గెవాండ్‌హౌస్ హాల్లో ఒక కొత్త వయొలిన్ కన్‌చెర్టో, అంటే ఆర్కెస్ట్రా తోడుగా ఒక వయొలిన్ ప్రధానంగా సాగే కృతి, మొదటిసారి వినిపించింది. రాసినవాడు ఫెలిక్స్ మెండెల్‌సోన్. ఆయనకు ఒంట్లో బాగాలేక రాలేకపోతే, డెన్మార్క్ నుంచి వచ్చిన నీల్స్ గాదె అనే యువకుడు ఆర్కెస్ట్రాను నడిపించాడు. వయొలిన్ వాయించింది ఫెర్డినాండ్ డేవిడ్. ఈ డేవిడ్ ఆ ఆర్కెస్ట్రాలో కాన్సర్ట్ మాస్టర్, అంటే మొదటి వరసలో మొదటి కుర్చీ ఆయనది. ఊళ్లో రెండేళ్ల కిందట పెట్టిన సంగీత కళాశాలలో వయొలిన్ పాఠం చెప్పేదీ ఆయనే. డేవిడ్ కోసం ఒక కన్‌చెర్టో రాయాలని మెండెల్‌సోన్ 1838లోనే అనుకున్నాడు. పూర్తికావడానికి ఆరేళ్లు పట్టింది. ఈ వరస వేళ్లకు అందుతుందా, ఈ పట్టు కమానుకు నప్పుతుందా అని అడుగుతూ, డేవిడ్ చెప్పిన మార్పులు చేస్తూ రాశాడు.

ఆ కృతిలో ఒక చోటు మీరు తప్పక వినాలి. మొదటి భాగం నడుమ వయొలిన్ ఒంటరిగా మిగులుతుంది. మన తనియావర్తనంలా ఆ కాసేపు మిగతా వాళ్లంతా ఆగిపోతారు. వయొలిన్ విద్వాంసుడు తన నేర్పంతా చూపించే ఘట్టం అది. చివరికి కమాను నాలుగు తీగల మీదా ఎగురుతూ స్వరాలను చిలకరిస్తూ ఉంటుంది. అవి ఆగకముందే ఆర్కెస్ట్రా మెల్లగా వచ్చి పల్లవి లాంటి ఆ తొలి రాగభావాన్ని తాను అందుకుంటుంది. వయొలిన్ మాత్రం ఆ చిలకరింపు మానదు. అంతవరకూ ప్రధాన కళాకారుడిగా ఉన్నవాడు, కమాను ఎత్తకుండానే, పక్కవాద్యమైపోతాడు. తన ఊరి ఆర్కెస్ట్రాను, అందులో కూర్చునే తన మిత్రుణ్ణి లోపలి నుంచి ఎరిగినవాడే అలా రాయగలడు.

డేవిడ్ శిష్యుల సంగతి ఆలోచించండి. పగలు ఎవరి దగ్గర పాఠం నేర్చుకుంటున్నారో, ఆ గురువు గారే సాయంత్రం ఊరంతటి ముందూ వాయిస్తున్నారు. పాఠంలో చెప్పిన మాట కచేరీలో నిలబడిందో లేదో చెవులతో విని తేల్చుకోవచ్చు. ఏ సంగీత కళాశాలనైనా నేను మొదట అడిగే ప్రశ్న ఇదే. మీ గురువు గారు సాయంత్రం ఎక్కడ వాయిస్తారు?

ఆ కళాశాల పుట్టడం వెనక ఒక వీలునామా ఉంది. హైన్రిఖ్ బ్లూమ్నర్ అనే న్యాయవేత్త 1839లో చనిపోతూ, కళకో విజ్ఞానానికో ఉపయోగపడే సంస్థ కోసం వాడమని 20,000 థాలర్లు శాక్సనీ రాజుకు అప్పగించాడు. ఆ సొమ్ము ఇంకెటూ పోకముందే, మరుసటి ఏడు మెండెల్‌సోన్ ప్రభుత్వానికి లేఖ రాశాడు, దీన్ని లైప్‌జిగ్‌లో సంగీత విద్యాలయానికి ఇవ్వండని. 1835లో, 26 ఏళ్ల వయసులో ఆర్కెస్ట్రా సారథ్యం తీసుకున్నవాడు ఆయన. వాయించేవాళ్ల జీతాలు పెంచడానికి ఊరి పెద్దలతో పోరాడి గెలిచాడు కూడా. జీతాల తర్వాత ఆయన దృష్టి పడింది రేపు ఆ కుర్చీల్లో కూర్చోబోయే పిల్లల మీద. 1843 ఏప్రిల్ 2న కళాశాల తెరిచారు. ఎక్కడో ఊరి చివర స్థలం చూడలేదు. గెవాండ్‌హౌస్ ఆవరణలోనే గదులు తీసుకున్నారు. రాబర్ట్ షూమన్ పియానో, స్వరరచన నేర్పాడు. హార్మనీ శాస్త్రం చెప్పిన హాప్ట్‌మన్, ఒకప్పుడు మహా స్వరకర్త బాఖ్ చేసిన సెయింట్ థామస్ చర్చి సంగీతాచార్య పదవిలో ఉన్నవాడు.

ఆ కళాశాలలో అన్నీ గొప్పగా ఉన్నాయని చెప్పను. నార్వే నుంచి పదిహేనేళ్ల ఎడ్వర్డ్ గ్రీగ్ 1858లో అక్కడ చేరాడు. అక్కడి పాఠాల చాదస్తం మీద ఆయనకు జీవితాంతం కినుక ఉండేది. కానీ రాబర్ట్ షూమన్ రాసిన పియానో కన్‌చెర్టోను భార్య క్లారా షూమన్ వాయిస్తుంటే విన్నది ఆ ఊళ్లోనే. పదేళ్ల తర్వాత, 1868లో, గ్రీగ్ తన ఒకే ఒక పియానో కన్‌చెర్టో రాశాడు. షూమన్‌ది ఏ స్వరం ఆధారంగా సాగిందో దీనిదీ అదే. తరగతి గది విసిగించిన పిల్లవాడికి పక్కనున్న కచేరీ హాలు చదువు చెప్పింది. మీలో ఎవరికైనా ఈ నాలుగేళ్లలో ఏదో ఒక పాఠం విసుగనిపించి ఉంటే, దానికి నేను బాధపడను. పక్కన అలాంటి హాలు మీకు లేకపోయిందే అని బాధపడతాను.

ఆర్కెస్ట్రాలో కూర్చోవడం అంటే ఏమిటో కాస్త దగ్గరగా చూపిస్తాను. వయొలిన్లవాళ్లు ఇద్దరిద్దరు కూర్చుంటారు. ఇద్దరికీ కలిపి ఒకటే స్టాండు, ఒకటే స్వరలిపి పుస్తకం. శ్రోతల వైపు కూర్చున్నవాళ్లు వాయిస్తూనే ఉంటారు, లోపలి వైపు కూర్చున్నవాళ్లు పేజీ చివర వాయించడం ఆపి పేజీ తిప్పుతారు. ఆ రెండు మూడు స్వరాలు వాళ్లు వదులుకోవలసిందే. పుస్తకం నిండా పెన్సిల్ గుర్తులుంటాయి. ఏ స్వరానికి కమాను కిందికి లాగాలి, దేనికి పైకి తోయాలి అన్నది మొదటి కుర్చీవాళ్లు నిర్ణయిస్తే, వెనక వరసలన్నీ అదే గుర్తు పెట్టుకుంటాయి. కచేరీకి ముందు ఓబో అనే ఊదే వాద్యం ఒక స్వరం పట్టి నిలబెడుతుంది, అందరూ దానికి శ్రుతి చేసుకుంటారు. చివరి వరసలో కూర్చున్న మనిషి పేరు శ్రోతల్లో చాలామందికి తెలియదు. ఆ మనిషి అరక్షణం ముందు కమాను వేస్తే మాత్రం హాలంతటికీ తెలుస్తుంది.

మన సంగీతం ఒంటరి గొంతును, మనోధర్మాన్ని నెత్తిన పెట్టుకున్న సంగీతం. అందుకు నేను గర్విస్తాను. అయినా ఇవాళ పట్టా తీసుకున్నవాళ్లందరూ వేదిక మధ్య కూర్చోలేరు. కొందరు పక్కన కూర్చుంటారు, కొందరు వెనక కూర్చుంటారు, కొందరు తంబురా పట్టుకుంటారు. ఆ స్థానాలను తక్కువగా చూసే అలవాటు మనలో ఉంది. అది పోవాలి. గాయకుడు వదిలిన సంగతిని అందుకుని, పెంచకుండా తుంచకుండా తిరిగి అప్పగించే వయొలిన్ విద్వాంసుడి చెవి ఎంత సూక్ష్మమైనదో మీ అందరికీ తెలుసు. పక్కవాద్యానికి ఇచ్చే సంభావనలో కూడా ఆ తెలివిడి కనబడాలి.

ఇంతకీ లైప్‌జిగ్‌లోని ఆ ఆర్కెస్ట్రాను పెట్టింది ఎవరు? రాజు కాదు. లైప్‌జిగ్ రాజధాని కూడా కాదు, సంతలకు పేరుపడ్డ వర్తకుల పట్నం. బాఖ్ ఇంకా ఆ ఊళ్లో బతికి ఉన్న రోజుల్లో, 1743లో, 16 మంది పట్టణ పెద్దలూ వర్తకులూ కూడి, మనిషికొక సంగీతకారుడి ఖర్చు భరిస్తామని ఒప్పుకుని కచేరీలు మొదలుపెట్టారు. కొన్నాళ్లు ‘మూడు హంసలు’ అనే సత్రంలో నడిపారు. 1781లో బట్టల వ్యాపారుల భవనం పై అంతస్తులో హాలు కట్టుకున్నారు. గెవాండ్‌హౌస్ అన్న పేరు ఆ బట్టల కొట్టు నుంచి వచ్చిందే. తాము చందా వేసి పోషించుకున్న దాన్ని ఏ ఊరూ తేలిగ్గా వదులుకోదు. రెండో గెవాండ్‌హౌస్ 1884లో లేచింది, దాని దగ్గరే 1887లో కళాశాలకు కొత్త భవనం కట్టారు. అమెరికాలోని బోస్టన్ సింఫనీ హాలుకు నమూనా ఆ రెండో గెవాండ్‌హౌసే. 1944లో బాంబులు పడి అది పోయింది. 1981లో మూడోది కట్టుకున్నారు.

అమ్మాయిలకు ఒక మాట. ఆ కళాశాల మొదటి నుంచీ ఆడపిల్లలను చేర్చుకుంది. కానీ శాస్త్రం క్లాసు వాళ్లకు వేరుగా, కుదించి చెప్పేవారు. ఆర్కెస్ట్రా కుర్చీలు వాళ్లకు దక్కడానికి ఇంకా చాలా కాలం పట్టింది. చదువు చెప్పి చోటు ఇవ్వకపోవడం పెద్ద అన్యాయం. మన దగ్గర మృదంగం, ఘటం నేర్చుకున్న అమ్మాయిలకు ఎన్ని కచేరీల్లో చోటు దొరుకుతోందో ఈ సభలోని నిర్వాహకులు ఆలోచించాలని కోరుతున్నాను.

లైప్‌జిగ్ తలదించుకోవలసిన రోజులూ ఉన్నాయి. 1933లో నాజీలు వచ్చాక, యూదుడైన కారణంగా ఆర్కెస్ట్రా సారథి బ్రూనో వాల్టర్‌ను వేదిక ఎక్కనివ్వలేదు. 1936 నవంబర్‌లో, మేయర్ గోయర్‌డెలర్ ఊళ్లో లేని సమయం చూసి, గెవాండ్‌హౌస్ ముందున్న మెండెల్‌సోన్ విగ్రహాన్ని, ఆయనదీ యూదు వంశమేనని, కూలదోశారు. దాన్ని తిరిగి పెట్టమని అడిగి, పెట్టకపోతే గోయర్‌డెలర్ మేయర్ పదవి వదులుకున్నాడు. తర్వాత హిట్లర్‌కు ఎదురుతిరిగినవాళ్లలో కలిసి 1945లో ఉరికంబమెక్కాడు. ఇవాళ ఆ కళాశాలకు మెండెల్‌సోన్ పేరే ఉంది. విగ్రహాన్ని అచ్చంగా మళ్లీ పోతపోసి 2008లో సెయింట్ థామస్ చర్చి దగ్గర నిలిపారు.

1989లో జరిగింది వేరు. అప్పటి ఆర్కెస్ట్రా సారథి కుర్ట్ మజూర్. ఆ వేసవిలో లైప్‌జిగ్ వీధుల్లో పాడుకునే కుర్రాళ్లను పోలీసులు పట్టుకుపోతే, ఆయన వాళ్లనూ అధికారులనూ గెవాండ్‌హౌస్‌కు పిలిచి ఎదురెదురుగా మాట్లాడించాడు. అక్టోబర్ 9 సాయంత్రం దాదాపు 70,000 మంది అప్పటి తూర్పు జర్మనీ ప్రభుత్వానికి వ్యతిరేకంగా వీధుల్లోకి వచ్చారు. ఎదురుగా సాయుధ బలగాలు. తుపాకులు పేలతాయని ఊరంతా వణికిపోతున్న వేళ, శాంతంగా ఉండండి, మాట్లాడుకుందాం అంటూ ఆరుగురు కలిసి రాసిన విన్నపం లౌడ్‌స్పీకర్లలో మజూర్ గొంతుతో వినిపించింది. ఆ రాత్రి రక్తం చిందలేదు. ఒక కండక్టర్ మాటను జనమూ, అటుపక్కవాళ్లూ ఎందుకు విన్నారు? ఆ ఊళ్లో ఆర్కెస్ట్రా అంటే ఇంటి మనిషి కిందే లెక్క.

ఇప్పుడు మన సంగతి. ఇలాంటి అమరిక మనకు కొత్తేమీ కాదు. 1919లో విజయనగరంలో మహారాజా వారు సంగీత కళాశాల పెట్టి ఆదిభట్ల నారాయణదాసు గారిని అధ్యక్షులుగా కూర్చోబెట్టారు. అక్కడ వయొలిన్ నేర్పిన ద్వారం వెంకటస్వామి నాయుడు గారు దేశమంతా కచేరీలు చేశారు. శిష్యులకు గురువు గారి పాఠమూ దక్కింది, వేదిక మీది వాద్యమూ దక్కింది. 1948లో విజయవాడ ఆకాశవాణి మొదలయ్యాక నిలయ విద్వాంసుల కుర్చీలు వచ్చాయి. వీణ, వయొలిన్, వేణువు, మృదంగం నేర్చినవాడికి నెలజీతంతో వాయించుకునే చోటు దొరికింది. ఆ కేంద్రంలో పనిచేసిన మంగళంపల్లి బాలమురళీకృష్ణ గారే అదే ఊళ్లోని ప్రభుత్వ సంగీత కళాశాలకు ప్రిన్సిపాల్ కూడా అయ్యారు. ద్రాక్షారామం నుంచి వెళ్లిన ఈమని శంకరశాస్త్రి గారు ఢిల్లీలో ఆకాశవాణి జాతీయ వాద్యబృందాన్ని నడిపించారు. కళాశాల, రేడియో, కచేరీ వేదిక మూడూ ఒకదానికొకటి అందుబాటులో ఉన్న రోజులవి.

ఇప్పుడు ఏటా పట్టాలు ఇస్తున్నాం. పట్టా పుచ్చుకున్న పిల్ల వాయించడానికి ఊళ్లో ఒక నిలకడైన బృందం ఉందా? చాలా ఊళ్లలో లేదు. పిల్లలు ఇళ్లకు వెళ్లి ట్యూషన్లు చెప్పుకుంటున్నారు, లేదా వయొలిన్‌ను పెట్టెలో పెట్టి వేరే ఉద్యోగం వెతుక్కుంటున్నారు. ఇందులో వాళ్ల తప్పేమీ లేదు. సంగీతం నేర్పించిన ఊరే వాళ్లకు చోటు చూపించాలి. లైప్‌జిగ్‌లో 2004 నుంచి కళాశాల, ఆర్కెస్ట్రా కలిసి ఒక అకాడమీ నడుపుతున్నాయి. అందులో చేరిన యువకళాకారులు ఆర్కెస్ట్రా విద్వాంసుల దగ్గరే నేర్చుకుంటూ, వాళ్ల పక్కనే కూర్చుని కచేరీల్లో వాయిస్తారు. వాళ్లు ఇంకా ఆ పని మానలేదు. మనం మొదలుపెట్టాలి.

ప్రభుత్వం ఇస్తే సంతోషం. ఇచ్చేదాకా ఆగనక్కర్లేదు. మీ బ్యాచ్‌లో వయొలిన్లు ఉన్నాయి, వీణలు ఉన్నాయి, వేణువు, మృదంగం, ఘటం ఉన్నాయి. మన పద్ధతిలో, మన రాగాల్లో వాద్యబృందం కట్టండి. ఎవరు ఏ స్థాయిలో వాయించాలి, ఎక్కడ ఆగాలి అన్నది స్వరలిపిలో రాసుకోండి. మీలో రచన చేయగలవాళ్లు కొత్తవి రాయండి. ఊళ్లో సంగీతమంటే ప్రాణం పెట్టే డాక్టర్లు, ప్లీడర్లు, బట్టల షాపులవాళ్లు ఉంటారు. వాళ్ల దగ్గరకు వెళ్లి, ఏడాదికి ఒక్క కళాకారుడి ఖర్చు భరించమని అడగండి. మూఢాల్లో ఖాళీగా ఉండే కల్యాణమండపం అడిగితే ఇస్తారు. నెలకొక కచేరీ చాలు. రిహార్సల్‌కు కూడా డబ్బు ఇవ్వండి, ఎంత తక్కువైనా సరే. ఉచితంగా వాయించమని ఎవరినీ అడగకండి. రిహార్సల్ జరిగే గది తలుపులు మాత్రం తెరిచి పెట్టి, ఈ కళాశాలలో మొదటి సంవత్సరం పిల్లలను లోపల కూర్చోనివ్వండి, వాళ్ల దగ్గర రూపాయి తీసుకోకుండా.

ఆచార్యులకు నా విన్నపం ఒకటే. ఆ బృందంలో మీరూ కూర్చోండి. మీ శిష్యురాలు మొదటి కుర్చీలో ఉంటే, రెండో కుర్చీలో మీరు కూర్చుని పేజీ తిప్పండి. మొదటి కచేరీ ఎప్పుడో తేదీ నిర్ణయించి నాకు రాయండి. టిక్కెట్టు కొనుక్కుని వస్తాను.