ఎక్కడి ఖనిజానికో కట్టిన రేవు

1933 అక్టోబరు 7న సింధియా స్టీమ్ నావిగేషన్ కంపెనీ వారి ‘జలదుర్గ’ విశాఖ రేవులోకి వచ్చింది. డిసెంబరు 19న వైస్రాయి లార్డ్ విల్లింగ్డన్ వచ్చి రేవును లాంఛనంగా ప్రారంభించాడు. విశాఖ చరిత్ర చెప్పేవారు సాధారణంగా ఈ రెండు తేదీలనే పట్టుకుంటారు. ఈ ఉపన్యాసం పట్టుకునేది వేరే సంగతి: ఆ రేవును ఎవరి సరుకు కోసం కట్టారు? జవాబు విశాఖ జిల్లాలో దొరకదు. తూర్పు కనుమలు దాటి సెంట్రల్ ప్రావిన్సుల మాంగనీసు గనుల దాకా వెళ్లాలి.

అంతకు ముందు ఈ తీరంలో వ్యాపారం లేదని కాదు. కొద్ది దూరంలో ఉత్తరాన భీమునిపట్నం (భీమిలి) ఉంది. డచ్చివారు 17వ శతాబ్దంలోనే అక్కడ వర్తకం పెట్టారు. 19వ శతాబ్దంలో విశాఖ కంటే భీమిలి రేవుదే పైచేయి. ఓడలు దూరంగా సముద్రంలో లంగరు వేసుకుని నిలబడితే, మసూలా పడవలు కెరటాలు దాటుకుంటూ సరుకు చేరవేసేవి. ఆ సరుకుల్లో గోగునారకు పెద్ద పేరు. విదేశీ వర్తకులు దాన్ని భీమిలి పేరుతోనే ఎరుగుదురు. వంటింట్లో గోంగూరగా ఉడికేది ఆ మొక్క ఆకే. చిట్టివలస, నెల్లిమర్ల జూట్ మిల్లులు నిలబడింది ఈ నార మీదే.

ఈ లెక్క తారుమారు కావడం రైలుతో మొదలైంది. 1893-96 మధ్య కటక్ నుంచి బెజవాడ దాకా ఈస్ట్ కోస్ట్ రైల్వే వేశారు. కొన్నేళ్లకే ఆ మార్గం రెండు ముక్కలైంది: విశాఖను ఆనుకుని ఉన్న వాల్తేరుకు దక్షిణ భాగం మద్రాసు రైల్వేకు, ఉత్తర భాగం బెంగాల్ నాగపూర్ రైల్వేకు పోయాయి. రెండు కంపెనీలు కలిసే చోటుగా వాల్తేరుకు ప్రాధాన్యం వచ్చింది. రైలు భీమిలికి వెళ్లలేదు. పడవల మీద బతికిన రేవుకు అదే పెద్ద దెబ్బ.

బెంగాల్ నాగపూర్ కంపెనీ దృష్టి తీరం మీద కన్నా లోపలి ప్రాంతం మీదే ఎక్కువ. సెంట్రల్ ప్రావిన్సుల ఖనిజం కలకత్తా దాకా చుట్టు తిరిగి పోనక్కర్లేకుండా, రాయపూర్ నుంచి కనుమలు దిగి సూటిగా సముద్రానికి చేరితే కంపెనీకి బోలెడంత ఆదా. తూర్పు తీరంలో అలాంటి రేవు కావాలన్న మాట 1858 నాటికే వినిపించింది. బ్రిటిష్ నౌకాశాఖకు చెందిన కల్నల్ కార్ట్‌రైట్ రీడ్ విశాఖను సూచించినా, ప్రభుత్వం ఒప్పుకున్నది మొదటి ప్రపంచ యుద్ధం ముగిశాకే. పార్వతీపురం దాకా ఉన్న రైలుమార్గం 1931 నాటికి రాయపూర్‌తో కలిసింది. రేవు పనిని 1927 నుంచి 1933 దాకా రైల్వే కంపెనీయే చేసింది. ఖర్చు 378 లక్షల రూపాయలు.

డబ్బు కన్నా ఇసుకే ఎక్కువ ఇబ్బంది పెట్టింది. రేవు కోసం ఎంచుకున్న చోటు ఉప్పుటేరు మడుగు, బురద నేల. డాల్ఫిన్స్ నోస్ కొండ గాలివాటం నుంచి కాపు కాస్తుంది గాని, తీరం వెంబడి కదిలే ఇసుకను ఆపలేదు. నైరుతి రుతుపవనాల కాలంలో కెరటాలు ఇసుకను ఉత్తరానికి నెట్టుకొస్తాయి. తవ్విన కాలువ ముఖాన్ని అది పూడ్చేస్తుంది. ఇంజినీరు ఆష్ బృందం దీనికి చేసిన ఉపాయం చిత్రమైనది. ‘జేనస్’, ‘వెల్డ్‌సన్’ అనే రెండు పాత ఓడలను కొండకు ముందు వరసగా ముంచి అడ్డుకట్ట వేశారు. కొట్టుకొచ్చే ఇసుక దాని చాటున ఒకచోట చేరితే, డ్రెడ్జరు తోడిపోస్తుంది. లోపల తవ్విన మట్టితో పక్కనున్న పల్లాన్ని పూడ్చి నేల చేశారు. ఊరి కింద ఊరు తయారైంది.

ఇంత చేసి మొదట దక్కింది మూడు బెర్తులు. ఏడాదికి 1.3 లక్షల టన్నుల సత్తా. ఊరి జనాభా 1931లో 57 వేలకు కాస్త అటూ ఇటూ. కనుమల అవతల నుంచి వచ్చిన మాంగనీసు ఇక్కడ ఓడెక్కి పోయేది. ఊరికి మిగిలింది కూలి, కొంత గుమాస్తాగిరీ. రైలూ రేవూ వచ్చినంత మాత్రాన పట్నం ఎదగదని ఆ తొలి ఏళ్లే చెబుతున్నాయి.

కొండల అవతలి నుంచి ఖనిజంతోపాటు డబ్బు కూడా వచ్చింది. 1926లో ఏర్పడి 1930లో బెజవాడ నుంచి వాల్తేరుకు మారిన ఆంధ్ర విశ్వవిద్యాలయానికి జయపురం మహారాజు విక్రమదేవ వర్మ ఏడాదికి లక్ష రూపాయలు వచ్చేలా శాశ్వత దానం చేశారు. సైన్సు, టెక్నాలజీ కళాశాల ఆయన పేరు మీద నడిచింది. రేవుకీ విశ్వవిద్యాలయానికీ అప్పట్లో నేరుగా సంబంధం లేదు. తర్వాత వచ్చిన పరిశ్రమలకు మాత్రం చదువుకున్నవాళ్లు పక్క వీధిలోనే దొరికారు.

అసలు మలుపు ఓడ కట్టే చోటుతో వచ్చింది. సింధియా కంపెనీ అధిపతి వాల్‌చంద్ హీరాచంద్ తలపెట్టిన నౌకానిర్మాణ కేంద్రానికి 1941 జూన్ 21న బాబూ రాజేంద్రప్రసాద్ శంకుస్థాపన చేశారు. 1942 ఏప్రిల్ 6న జపాన్ విమానాలు విశాఖ మీద, కాకినాడ మీద బాంబులు వేయడంతో పని కుంటుపడింది. 1948 మార్చి 14న ‘జలఉష’ను నెహ్రూ నీటిలోకి దించారు, అది 8 వేల టన్నుల ఓడ. 1952లో ప్రభుత్వం ఆ కేంద్రంలో మూడింట రెండు వంతుల వాటా తీసుకుంది. అది హిందుస్థాన్ షిప్‌యార్డు అయింది. మూటలు మోసిన రేవులో వెల్డర్లు, ఫిట్టర్లు, డ్రాఫ్ట్స్‌మెన్ తయారవడం అప్పటి నుంచే. 1957లో కాల్టెక్స్ చమురు శుద్ధి కర్మాగారం వచ్చింది. బయటి దేశపు ముడిచమురు ఓడ దిగి నేరుగా కర్మాగారానికి చేరాలి కనుక దానికి రేవు పక్కనే చోటు కావాలి. 1951లో లక్ష దాటిన జనాభా 1971 నాటికి మూడున్నర లక్షలైంది.

ఇక ఇనుప ఖనిజం. కనుమల అవతలి బైలాడిలా గనుల నుంచి ఏడాదికి 40 లక్షల టన్నులు కొంటామని జపాన్ ఉక్కు కంపెనీలు 1960లో ఒప్పందం చేసుకున్నాయి. దాన్ని దించడానికి కొత్తవలస నుంచి కిరండూల్ దాకా దాదాపు 445 కిలోమీటర్ల మార్గం కనుమల్లో పుట్టింది. 58 సొరంగాలు తొలిచారు. ఈనాడు అరకు చూడవచ్చే కుటుంబాలు సొరంగాలు లెక్కపెట్టుకుంటూ పోయే ఆ దారి, వేసిన నాడు పూర్తిగా రాతి సరుకు కోసమే. లోపలి రేవులో పట్టనంత పెద్ద ఓడల కోసం 1976లో బయటి హార్బరు తెరిచారు. అంటే 1933 నాటి లెక్కే పెద్ద ఎత్తున మళ్లీ మొదలైంది: కొండల అవతలి ఖనిజం, సముద్రం అవతలి కొలిమి, మధ్యలో విశాఖ.

1966లో ‘విశాఖ ఉక్కు – ఆంధ్రుల హక్కు’ అని జనం వీధుల్లోకి వచ్చినప్పుడు అడిగింది ఉక్కు కర్మాగారం ఇక్కడే పెట్టి ఈ లెక్క మార్చమనే. ఉద్యమకారుడు అమృతరావు నిరాహారదీక్ష చేశారు. పోలీసు కాల్పుల్లో 32 మంది చనిపోయారు. 1970 ఏప్రిల్‌లో ప్రధాని ఇందిరాగాంధీ ఆ కర్మాగారాన్ని ప్రకటించారు, మరుసటి జనవరిలో శంకుస్థాపన చేశారు. ఆ తర్వాత దాదాపు 20 ఏళ్లకు, 1990లో, ‘గోదావరి’ పేరు పెట్టిన మొదటి బ్లాస్ట్ ఫర్నేస్ వెలిగింది. జపాన్‌కు పోయే బైలాడిలా ఖనిజంలో కొంత అప్పటి నుంచి ఈ ఊళ్లోనే దిగుతోంది. సొంత గని మాత్రం ఆ కర్మాగారానికి ఇవ్వలేదు. ఖనిజాన్ని కొనుక్కునే తెచ్చుకుంటోంది.