గోపీచందు మోకాలు
(గ్రంథాలయ రజతోత్సవ సభలో చేసిన ప్రసంగము)



ఇట్టి సభలలో సాహిత్యమును గూర్చి మాటలాడుట ఆచారము. నిర్వాహకులు నన్ను పిలుచుటకు వచ్చినపుడు, "మీరు బడిలో పిల్లలకు ఆటలు నేర్పినవారు గదా, ఆటను గూర్చియే చెప్పుడు" అనిరి. నాకును అదియే ఇష్టము. అందుచేత ఒక ఆటగాని కథను, నిజమునకు ఆయన మోకాలి కథను, మీకు విన్నవింపదలచితిని. మోకాలేమి, ప్రసంగమేమి అని నవ్వుకొనవలదు. సంక్రాంతికి చెడుగుడు ఆడి, మోకాలు మెలివడి, ఆ తరువాత ఎన్నడును బరిలో దిగని యువకులు మన బేస్తవారిపేట చుట్టుప్రక్కల ఎందరున్నారో మీకు నాకంటె బాగుగ తెలియును. ఈ మాటలు వారికొరకు, వారిని కన్నవారికొరకు.

పుల్లెల గోపీచందు 1973 నవంబరు 16వ తేదీన నాగండ్లలో జన్మించెను. అది ఇంకొల్లు దగ్గరి గ్రామము. 1970లో ఒంగోలు కేంద్రముగా క్రొత్త జిల్లా ఏర్పడినపుడు, గుంటూరు నుండి విడివడిన ఆ తూర్పు ప్రాంతమును, కర్నూలు నుండి విడివడిన మన మార్కాపురము, గిద్దలూరు తాలూకాలును ఒక గూటికి చేరినవి. 2022లో ఇంకొల్లు బాపట్ల జిల్లాలోనికి పోయినది. కనుక ఇప్పుడాయనను మన జిల్లావాడని కాగితము మీద చెప్పుకొనుటకు వీలులేదు. అయినను యాభై యేండ్ల చుట్టరికము ఒక ఉత్తరువుతో పోవునా?

చిన్ననాట ఆయనకు క్రికెట్టు మీద మక్కువ. అన్నగారి ప్రోత్సాహమున బాడ్మింటను వైపు తిరిగెను. హైదరాబాదు లాల్ బహదూర్ క్రీడాంగణములో ఎస్.ఎం. ఆరిఫ్ గారి వద్ద శిక్షణ దొరకెను. అన్నదమ్ములిరువురును ఆటగాండ్రే. అన్నగారు ప్రవేశపరీక్ష నెగ్గి ఐ.ఐ.టి.లో చేరెను, తమ్ముడు ఇంజనీరింగు పరీక్ష తప్పెను. తాను పరీక్ష తప్పుటచేతనే ఆటలో మిగిలితినని ఆయన సభలలో నవ్వుచు చెప్పుచుండును. మన ఇండ్లలో పరీక్ష తప్పిన పిల్లవానిని చూచు చూపు మీరెరుగుదురు గనుక ఈ సంగతి ప్రత్యేకముగా చెప్పుచున్నాను. 1990, 1991 సంవత్సరములలో ఆయన భారత విశ్వవిద్యాలయముల సంయుక్త జట్టునకు నాయకుడు.

బాడ్మింటను అనగానే మన పెద్దలకు ఉన్నిబంతితో ఆడు బాల్ బాడ్మింటను జ్ఞప్తికి వచ్చును. ఇది అది కాదు. ఇందులో బంతికి బదులు పదునారు ఈకలు గ్రుచ్చిన షటిల్ కాక్ ఉండును. దాని తూకము అయిదారు గ్రాములకు మించదు. ఆటస్థలము పొడవు 44 అడుగులు. ఒంటరి ఆటకు వెడల్పు 17 అడుగులు. చూచుటకు సున్నితమైన ఆటయే గాని, కాళ్ళకు ఇంత కఠినమైన ఆట మరియొకటి అరుదు. వల దగ్గర వ్రాలు ఈకబంతిని అందుకొనుటకు ఒక కాలు బారచాచి ముందునకు కూలబడవలెను. రెప్పపాటులో లేచి వెనుకకు పరుగిడవలెను. గాలిలోనికి ఎగిరి ఒంటికాలిపై దిగవలెను. ఒక్క పోటీలో ఇట్లు వందలసార్లు. శరీరభారమంతయు మోసి, తిప్పి, నిలుపునది మోకాలే.

1994లో పూనాలో జాతీయ క్రీడలు జరిగినవి. అచట జంట ఆట ఆడుచుండగా గోపీచందు మోకాలిలోని ముందు బంధనము తెగిపోయెను. ఆయనకు అప్పటికి ఇరువది యేండ్లు. ఇక ఆడుట కల్ల అని పలువురు అనుకొనిరి.

ఇక్కడ కొంచెము ఆగి, ఆ తెగినదేమో చెప్పవలెను. తొడ ఎముకయు, కాలి ఎముకయు కలియు చోట, కీలు లోపల, రెండు గట్టి పట్టీలు ఒకదానినొకటి అడ్డముగా దాటుచుండును. మన వాడుకలో వానిని కూడ నరములనియే అందుము. నిజమునకవి నరములు కావు, ఎముకను ఎముకకు కట్టు బంధనములు. ముందు బంధనము పొడవు రెండంగుళములైనను ఉండదు. కాలి ఎముక ముందునకు జారకుండను, కీలు మెలి తిరుగకుండను కాపాడునది అదియే. పాదము నేలను అంటియుండగా దేహము ప్రక్కకు తిరిగిన క్షణమున అది తెగును. ఎదుటివాడు తాకనక్కరలేదు. తెగినపుడు లోపల 'టప్' మన్నట్లు తోచును. కొన్ని గంటలలోనే మోకాలు పొంగును. వారము రెండు వారములకు వాపు తీయును, నొప్పి తగ్గును, తిన్నగా నడచుటకు వీలగును. చిక్కు అక్కడనే ఉన్నది. నయమైనదనుకొని పిల్లవాడు మరల బరిలో దిగును. తిరిగినంతనే మోకాలు పట్టుతప్పి ఒరిగిపోవును. ఇట్లు ఒరిగిన కొలదియు ఎముకల నడుమ మెత్తలవలె నుండు మృదులాస్థి నలిగి చినుగుచుండును.

ఎముక విరిగినచో అతుకుకొనును. అందుచేతనే పుత్తూరు కట్టునకు అంత పేరు. కాని పూర్తిగా తెగిన ఈ బంధనము సాధారణముగా తనంతట తాను అతుకుకొనదు. అది కీలులోని ద్రవములో మునిగియుండును, దానికి రక్తప్రసారమును స్వల్పమే. పైన ఎంత బిగించి కట్టినను, ఎంత నూనె మర్దించినను లోపలి కొసలు కలియవు. ఎక్స్‌రే తీసి "ఎముక బాగున్నది, భయము లేదు" అన్నచో సంతోషించి ఇంటికి వచ్చువారు చాలమంది. ఎక్స్‌రేలో ఎముక కనిపించును గాని బంధనము కనిపించదు. తెలిసిన ఎముకల వైద్యుడు కాలి ఎముకను చేతితో ముందునకు లాగి చూచినంతనే సందేహము పట్టగలడు, ఎం.ఆర్.ఐ. తీసినచో నిర్ధారణ యగును.

చికిత్స ఏమనగా, రోగి దేహమునుండియే మరియొక పట్టీని తీసి తెగినదాని స్థానమున అమర్చుట. మోకాలిచిప్ప క్రింది పట్టీలో కొంత భాగమునో, తొడ వెనుకటి కండరముల కొసలనో తీయుదురు. ఆటలు, బరువుపనులు లేనివారికి కొందరికి శస్త్రచికిత్స లేకుండ వ్యాయామముతోనే జరుగుబాటగును. తిరిగి మెలికల ఆట ఆడదలచినవారికి మాత్రము సామాన్యముగా శస్త్రచికిత్స అవసరపడును.

దేహములోని ఒకచోటి పట్టీని మరియొకచోట అమర్చుట క్రీడాలోకమును ఆశ్చర్యపరచినది 1974లో, అమెరికాలో. అచట మన క్రికెట్టును పోలిన బేస్‌బాల్ అను ఆట కలదు. అందులో బంతి విసరువాడు టామీ జాన్. ఆయన మోచేతిలోని బంధనము తెగెను. ఫ్రాంక్ జోబ్ అను వైద్యుడు ఆయన రెండవ చేతినుండి పట్టీ తీసి మోచేతిలో కుట్టెను. 1975 సంవత్సరమంతయు టామీ జాన్ ఆడలేదు; 1976లో మరల మైదానమునకు వచ్చి, 1989 వరకు ఆడి, శస్త్రచికిత్స తరువాతనే 164 పోటీలు గెలిచెను. ఆ చికిత్సకు వైద్యుని పేరుగాక రోగి పేరు నిలిచిపోవుట వింతయే. అది నాకు న్యాయముగనే తోచును. కత్తిపని కొన్ని గంటలది, తక్కిన ఏడాదిన్నర రోగిది.

గోపీచందు విషయమునను అంతే. ఆయన మోకాలికి ఒకటికంటె ఎక్కువ శస్త్రచికిత్సలు జరిగినవి. చికిత్స తరువాత ఏమి జరుగునో చెప్పిన గాని ఆయన చేసినదేమో మనకు బోధపడదు. మంచముపై నున్న కొలది దినములలోనే తొడకండ కరగిపోవును. మొదటి పాఠము కాలిని పూర్తిగా చాచుట. రెండవది పండుకొని తొడకండను బిగించి వదలుట. పసిబిడ్డ చేష్టల వంటి ఈ పనులను దినమునకు వందలసార్లు చేయవలెను. పిమ్మట కర్రలు విడిచి నడక, నిలుకడ సైకిలు, మెట్లు, నెలలు గడచిన తరువాత తిన్నని పరుగు, ఆ పైన దూకుట, అన్నిటికంటె చివర తిరుగుట. ఇందులో ఒక మోసమున్నది. అమర్చిన పట్టీ మొదటి నెలలలో బలపడుటకు ముందు బలహీనపడును. నొప్పి పోయి, ఉత్సాహము వచ్చి, "ఇక ఆడవచ్చును" అని మనసు తొందరపెట్టు కాలమునందే ఆ పట్టీ మిక్కిలి అశక్తముగా నుండును. తొమ్మిది నెలలు నిండకముందే ఆటకు దిగినవారిలో మరల గాయపడుట ఎక్కువని పరిశీలకులు కనుగొనిరి. ఆటగానికి పరుగెత్తుట నేర్పనక్కరలేదు. ఆగుట నేర్పవలెను, అది చాల కష్టము.

బెంగుళూరులో ప్రకాశ్ పదుకోనె నెలకొల్పిన శిక్షణాలయములోను, గంగూలీ ప్రసాద్ గారి వద్దను గోపీచందు తన ఆటను మరల కట్టుకొనెను. 1996లో మొదటిసారి జాతీయ విజేత యయ్యెను. గాయమునకు పూర్వము దొరకని బిరుదము గాయము తరువాత దొరకెను! 2000 వరకు వరుసగా అయిదేండ్లు దానిని ఎవ్వరికిని విడువలేదు. 1998లో కౌలాలంపూరు కామన్‌వెల్త్ క్రీడలలో జట్టుతో రజతమును, ఒంటరి ఆటలో కాంస్యమును గెలిచెను. 2000లో సిడ్నీ ఒలింపిక్సులో మాత్రము ఇండొనీషియా ఆటగాడు హెంద్రావాన్ చేతిలో ఓడి వెనుదిరిగెను.

ఆరునెలలు తిరుగకముందే 2001 మార్చిలో బర్మింగ్‌హామ్ నగరమున ఆల్ ఇంగ్లండ్ పోటీలు వచ్చినవి. ఆ ఆటకు అంతకంటె ప్రాచీనమైన, గౌరవనీయమైన పోటీ లేదు. భారతీయులలో 1980లో ప్రకాశ్ పదుకోనె ఒక్కడే దానిని గెలిచియుండెను. గోపీచందు దారిలో సిడ్నీలో స్వర్ణము గెలిచిన చైనా వీరుడు జీ షిన్‌పెంగ్ ఎదురాయెను, ఆయనను ఓడించెను. సెమీఫైనలులో డెన్మార్కు ఆటగాడు పీటర్ గేడ్. ఆనాటి లెక్కలో సర్వీసు చేయువానికే పాయింటు; ఎదుటివాడు గెలిచినచో సర్వీసు మాత్రమే చేతులు మారును. అందుచేత ఒక్కొక్క పాయింటుకు ఎన్నిసార్లు పరుగిడవలెనో లెక్క లేదు. 2006లో ఈ పద్ధతి పోయి, 21 పాయింట్ల ఆట వచ్చినది. ఆ పాత లెక్కలో గేడ్‌పై 17-14, 17-15. రెండు ఆటలును అంచుదాక పోయినవి. ఇట్టి ఆటలో మోకాలిని నమ్మనివాడు గెలువలేడు. వల దగ్గర కూలబడునపుడు ఒక్క క్షణము సందేహించినను ఈకబంతి నేలను తాకును. ఫైనలులో చైనా ఆటగాడు చెన్ హాంగ్‌ను 15-12, 15-6తో గెలిచెను. గాయము తగిలి అప్పటికి ఏడేండ్లు.

ఆ తరువాత అంతటి విజయము మరల దక్కలేదు. ఈ మాట దాచుట అనవసరము. అతికిన మోకాలు క్రొత్త మోకాలు కాదు. దాని ఆయువు దానిది. గెలిచిన పిమ్మట ఒక శీతల పానీయపు ప్రకటనకు పిలిచినపుడు, తాను త్రాగనిదానిని పిల్లలకు త్రాగుమని చెప్పజాలనని కాదనెను. ఇల్లు తాకట్టు పెట్టి హైదరాబాదు గచ్చిబౌలిలో శిక్షణాలయము పూర్తిచేయించెను. 2008లో అది నడకకు వచ్చినది. ఆయన శిక్షణలో సైనా నెహవాల్ 2012లో లండను ఒలింపిక్సులో కాంస్యమును, పి.వి. సింధు 2016లో రియోలో రజతమును తెచ్చిరి. రియోకు ముందటి యేడు, 2015లో, సింధు పాదపు ఎముక చిట్లి నెలల తరబడి ఆటకు దూరమైనది. ఆమె ఎదుట కూర్చున్న గురువు ఆ మంచపు దినములను తాను గడిపినవాడు. అట్టి గురువు ఎంతమందికి దొరకును?

ఇక మన ఊరి మాట. ఇపుడు మన ఆడపిల్లలును చెడుగుడు, ఖోఖో ఆడుచున్నారు, చాల సంతోషము. అయితే ఈ బంధనము తెగుట మగపిల్లలకంటె ఆడపిల్లలలో ఎక్కువ. ఆట మాన్పింపకుడు. దూకి దిగునపుడు మోకాళ్ళు ఒకదానివైపు ఒకటి లోపలికి వాలకుండ, కొంచెము వంగి మెత్తగా దిగుట నేర్పుడు. ఆటకు ముందు పదునైదు ఇరువది నిమిషములు ఒంటికాలిపై నిలుకడ, గుంజీలు, దూకి ఆగుట, ఇవి చేయించినచో ఇట్టి గాయములు తగ్గునని రుజువైనది. దీనికి డబ్బు అక్కరలేదు, చదునైన నేల చాలును. మన చౌటి, రాతి నేలలో చదును దొరకుట కష్టమందురా? సంక్రాంతికి బరి గీయుటకు ముందు నాలుగు తట్టల మెత్తని మన్ను పోయించుడు.

మోకాలు మెలివడి, ఆ పూటనే పొంగినచో, పిల్లవానిని ఆనాడు మరల ఆడనీయకుడు. మర్దనము వలదు. చల్లని గుడ్డ వేసి, కాలు ఎత్తున పెట్టి, ఒంగోలుకో గుంటూరుకో తీసికొనిపోయి ఎముకల వైద్యునికి చూపుడు. ఎక్స్‌రే బాగున్నదన్నను, నడచునపుడు మోకాలు జారుచున్నదని పిల్లవాడు చెప్పినచో, వాని మాట నమ్ముడు. పనికి వెరచి వంక పెట్టుచున్నాడని అనకుడు.

ఆ వ్యాయామములను బొమ్మలతో ఒక కాగితముపై వ్రాసి తెచ్చితిని. నిర్వాహకులు దానిని పఠనశాల గోడకు అంటించెదమని మాట యిచ్చిరి. వ్రాసికొనదలచినవారు వ్రాసికొనవచ్చును. ఇప్పటికే మోకాలు చెడి ఇక్కడ కూర్చున్నవారెవరైన ఉన్నచో, సభ ముగిసిన తరువాత నన్ను కలిసికొనుడు. నేను బయట వేపచెట్టు క్రింద ఉందును.