ఫెర్రారాలో మూడు గంటల నడక

(మన సంఘం స్వర్ణోత్సవాల ప్రారంభ సభలో చేసిన ప్రసంగ పాఠం)

 

కార్యదర్శిగారు నాకు పావుగంట ఇచ్చారు. "నువ్వు ఇంజినీరువి కదా, మన పాత పెంకుల బ్లాకు గురించి నాలుగు ముక్కలు చెప్పు" అన్నారు. చెబుతాను. కాకపోతే ముందు మిమ్మల్ని ఇటలీలో ఒక ఊరికి తీసుకెళ్ళి, అక్కడి నుంచి పెంకుల బ్లాకు దగ్గరికి తీసుకొస్తాను. దారి చుట్టే. కానీ ఆ ఊళ్ళో నడిచి ఉండకపోతే ఇవాళ నేను చెప్పబోయే మాట నాకే తోచేది కాదు.

ఆ ఊరు ఫెర్రారా. రోమ్, వెనిస్, ఫ్లోరెన్స్ పేర్లు మనందరం విన్నవే. ఫెర్రారా అనగానే మావాడు "కార్లు తయారు చేసే ఊరా నాన్నా?" అన్నాడు. కాదు. ఆ కార్లకూ ఈ ఊరికీ సంబంధం లేదు. ఇక్కడ చిన్నా పెద్దా తిరిగేది సైకిళ్ళ మీద. నిరుడు ఆఫీసు పని మీద బొలోనియా వెళ్ళినప్పుడు ఒక ఆదివారం ఖాళీ దొరికింది. అక్కడికి దాదాపు యాభై కిలోమీటర్లు, రైల్లో గంటలోపు ప్రయాణం. ఊరంతా నడిపించి చూపించే ఒక బృందంలో పేరు ఇచ్చాను. మొత్తం పదిమందిమి. గైడు అరవై దాటిన ఆవిడ, ఆ ఊళ్ళోనే పుట్టి పెరిగిన మనిషి. మేమంతా ఫోన్లు పైకెత్తి నిలబడితే ఆవిడ మొదట చెప్పిన మాట: "ఫొటోలు తర్వాత తీసుకోండి. ముందు చూడండి."

ఆ మాట నాకు ఎందుకు గుచ్చుకుందో చివర్లో చెబుతాను.

నడక కోట దగ్గర మొదలైంది. ఊరి నడిబొడ్డున ఎర్ర ఇటుకల కోట, నాలుగు మూలలా నాలుగు బురుజులు, చుట్టూ ఇప్పటికీ నీళ్ళున్న కందకం. ఎస్తే వంశపు ప్రభువులు కట్టించినది. ఎవరి మీద యుద్ధానికి కట్టారని అడిగితే ఆవిడ నవ్వింది. 1385లో పన్నుల బరువు మోయలేక ఊరి జనం తిరగబడ్డారు. పన్నుల అధికారిని మాకు అప్పగించమన్నారు. ప్రభువు అప్పగించాడు. జనం అతన్ని చంపేశారు. అది చూశాక నికొలో ద్వితీయుడు బార్తొలీనో ద నొవారా అనే వాస్తుశిల్పిని పిలిచి ఈ కోట మొదలుపెట్టించాడు. అంటే ఇది పరాయి సైన్యాన్ని చూసి కట్టింది కాదు, సొంత జనానికి జడిసి కట్టుకున్నది.

కందకం పక్కన నడుము ఎత్తు గోడ ఒకటి ఉంది. దాని ఎదురుగానే జనం కాఫీలు తాగుతున్నారు. ఆవిడ అక్కడ ఆగి, గోడ మీది ఫలకం చూపించింది. 1943 నవంబరు 15 తెల్లవారుజామున ఫాసిస్టులు ఊరివాళ్ళను పదకొండు మందిని కాల్చి చంపారు, కొందరిని సరిగ్గా ఈ గోడ పక్కనే. నేను ఒక్కణ్ణే వచ్చి ఉంటే ఆ గోడకు ఆనుకుని ఫొటో దిగి వెళ్ళిపోయేవాణ్ణి.

అక్కడి నుంచి నాలుగడుగులు వేస్తే ప్రధాన చర్చి. కట్టడం 12వ శతాబ్దంలో మొదలైంది. దాని పక్కగోడకు ఆనుకుని వరసగా దుకాణాలు. మన గుళ్ళ ప్రాకారానికి ఆనుకుని కొబ్బరికాయల కొట్లు ఉన్నట్టే. నాకు ప్రాణం లేచొచ్చింది. పక్కనే తెలుపు, గులాబి రంగు పాలరాతి గంటల గోపురం. పైకప్పు లేకుండానే ఆగిపోయింది. పూర్తి కాలేదని ఎవరూ సిగ్గుపడరు, ఎక్కడిదాకా కట్టగలిగారో అక్కడిదాకా చూపిస్తారు.

ఇంకొంచెం దక్షిణానికి వెళితే వోల్తే వీధి. వోల్తే అంటే కమానులు. సన్నటి రాళ్ళ వీధి, తల పైన ఈ ఇంటికీ ఆ ఇంటికీ మధ్య కమానులు. ఒకప్పుడు పో నది పాయ ఈ పక్కనే పారేది. ఒకవైపు వర్తకుల ఇళ్ళు, రేవు వైపున సరుకుల గోదాములు, వీధి దాటకుండానే అటూ ఇటూ తిరగడానికి పైన కమానుల దారులు. నది దారి మార్చుకుని దూరం జరిగిపోయింది. వీధి మాత్రం దాని ఒడ్డునే ఉన్నట్టు వంపు తిరిగి ఉంది.

అక్కడ గోడల మీద ఒక పక్క ఇనుప కడ్డీల కొసలు కనబడ్డాయి. మూరెడు పొడవు ఇనుప చీలలు, గోడ బయట నిలువుగా బిగించి ఉన్నాయి. "ఇవేమిటో ఎవరైనా చెబుతారా?" అందావిడ. ముప్ఫై ఏళ్ళ సర్వీసు ఉన్నవాణ్ణి, ఊరుకుంటానా? "ఇవి బిగింపు కడ్డీలు. ఎదురెదురు గోడలు బయటికి ఒరిగిపోకుండా ఇంటి లోపలి నుంచి ఇనుప కడ్డీ వేసి రెండు కొసలా బిగిస్తారు" అని గడగడా చెప్పేశాను. ఆవిడ మెచ్చుకుని, మరో ప్రశ్న వేసింది. "ఈ ఇంటికి గోడతోపాటే వేశారా, తర్వాత వేశారా?"

నేను నోరు తెరిచి మూసుకున్నాను. ఆవిడ నా చెయ్యి పట్టుకుని నాలుగడుగులు వెనక్కి తీసుకెళ్ళింది. దూరం నుంచి చూస్తే తెలిసింది. కడ్డీలు అన్ని చోట్లా లేవు. గోడ ఎక్కడ కడుపు ముందుకు పెట్టిందో అక్కడే ఉన్నాయి. ఎప్పుడో గోడ కదిలింది, ఎవరో గమనించారు, కూల్చకుండా బిగించారు. "ఇవి కుట్లు. ఈ ఇంటికి జబ్బు చేసి నయమైందన్నమాట" అంది ఆవిడ. కడ్డీ పేరు నాకు తెలుసు. గోడ కథ ఆవిడకు తెలుసు.

తర్వాత మాజ్జీని వీధి. ఎస్తే ప్రభువులు యూదులను చేరదీసినవాళ్ళు. 1492లో స్పెయిన్ నుంచి వెళ్ళగొడితే కొన్ని కుటుంబాలు ఇక్కడికి వచ్చి చేరాయి. 1598లో వారసుడు లేక ఊరు పోపు పాలనలోకి పోయింది. 1627లో యూదులను ఈ నాలుగు వీధుల్లో పెట్టి, రాత్రిళ్ళు తలుపులు వేసేవారు. ఇప్పుడు ఆ తలుపులు లేవు. ప్రార్థనా మందిరం గోడ మీద మాత్రం రెండో ప్రపంచయుద్ధంలో ఇక్కడి నుంచి తరలించుకుపోయిన వాళ్ళ పేర్లు పాలరాతి మీద చెక్కి ఉన్నాయి. బట్టల కొట్ల మధ్య ఆ పేర్లు చదువుతూ మేం కాసేపు మాట్లాడుకోలేదు.

అక్కడే ఆవిడ భూకంపం కథ చెప్పింది. నాకోసమే దాచిపెట్టిందేమో అనిపించింది.

1570 నవంబరు 17న ఫెర్రారాలో భూమి కంపించింది. ఒక్క రోజుతో పోలేదు, చిన్నా పెద్దా ప్రకంపనలు ఏళ్ళ తరబడి వచ్చాయి. జనం ఆరుబయట గుడారాల్లో పడుకున్నారు. ఇది దేవుడి శిక్ష అని, యూదులకు ఆశ్రయం ఇచ్చినందుకు ఫలితమని రోము నుంచి పోపు అన్నాడు. అప్పుడు డ్యూకు రెండో అల్ఫోన్సో కొలువులో పిర్రో లిగోరియో అనే వాస్తుశిల్పి ఉన్నాడు. మైకెలాంజెలో చనిపోయాక రోములో సెయింట్ పీటర్ చర్చి పనులు చూసినవాడు. ఆయన పడిపోయిన ఇళ్ళను పరిశీలించి, దోషం మనుషుల కట్టడంలో ఉందని రాశాడు. గోడలు పలచన, గోడకూ గోడకూ పట్టు లేదు, కప్పు బరువు గోడలను బయటికి తోస్తోంది. రాయడంతో ఆగలేదు. మందమైన ఇటుక గోడలతో, గట్టి మూలలతో, కంపానికి తట్టుకునే ఇంటి నమూనా గీశాడు. ఐరోపాలో అలాంటి నమూనాల్లో ఇదే మొదటిదని చరిత్రకారులు చెబుతారు. ఆ రాతప్రతి ఇప్పటికీ టురిన్ ప్రభుత్వ దస్తావేజుల భాండాగారంలో ఉంది. 2012 మే నెలలో ఆ ప్రాంతంలో మళ్ళీ భూకంపాలు వచ్చి కోటకు, చర్చిలకు దెబ్బలు తగిలాయి. అప్పుడు కూడా వాటిని కూల్చలేదు. బిగించి, బాగుచేసుకుంటూ వస్తున్నారు.

నేను ఇంజినీరింగ్‌లో భూకంపాల పాఠం చదివాను, పరీక్ష రాశాను. లిగోరియో పేరు మాత్రం మొదటిసారి విన్నది ఆ వీధిలో, సైకిలు గంటల మధ్య.

చివరి మజిలీ ఊరి ఉత్తర భాగం. 1482లో వెనిస్ వాళ్ళు యుద్ధానికి వచ్చి ఊరి గోడల దాకా రావడంతో, డ్యూకు మొదటి ఎర్కొలే ఉత్తరం వైపు ఊరిని పెంచి కొత్త గోడ కట్టాలనుకున్నాడు. 1492లో పని మొదలైంది. ఊరి విస్తీర్ణం రెట్టింపు దాటింది. పథకం వేసినవాడు బియాజో రొస్సెత్తి. ఆయన చేసిన పనిలో నాకు నచ్చింది ఇది: పాత ఊరి జోలికి పోలేదు. పాత గోడ పక్కనున్న కందకం పూడ్చి, దాని మీదుగా వెడల్పాటి వీధి వేశాడు. అదే ఇప్పటి జొవెక్కా వీధి. ఆ వీధికి దక్షిణాన మెలికలు తిరిగిన పాత సందులు, ఉత్తరాన తిన్నటి కొత్త బాటలు. పాతదీ కొత్తదీ ఒక వీధికి అటూ ఇటూ కాపురం చేస్తున్నాయి. 1995లో యునెస్కో ఈ ఊరిని ప్రపంచ వారసత్వ జాబితాలో చేర్చింది.

కొత్త భాగంలో కూడలి దగ్గర డైమండ్ల భవనం ఉంది. గోడ నిండా వజ్రం మొనల్లా చెక్కిన పాలరాళ్ళు, సుమారు 8,500. అన్నీ ఒకటే అనుకున్నాను. ఆవిడ దగ్గరికి తీసుకెళ్ళి చూపించింది. కింది వరసల మొనలు కాస్త నేల వైపు, మధ్యవి తిన్నగా, పైవి ఆకాశం వైపు. ఎండ పొద్దు మారేకొద్దీ గోడ మారుతుంది. అక్కణ్ణుంచి ఊరి గోడ దాకా నడిచాం. దాదాపు తొమ్మిది కిలోమీటర్ల గోడ, పైన చెట్ల నీడన దారి. గోడ లోపల ఇప్పటికీ కూరగాయల మళ్ళు, తోటలు కనిపిస్తాయి. ఎస్తే వాళ్ళు వెళ్ళిపోయాక ఊరు డీలా పడింది, రొస్సెత్తి గీసిన జాగా అంతా నిండనే లేదు.

ఇక మన సంగతికి వస్తాను.

ఆ నడకకు నెల ముందు, కమిటీవారు పెంకుల బ్లాకు ఫొటోలు పదకొండు నా ఫోనుకి పంపి అభిప్రాయం అడిగారు. గోడకు పగుళ్ళున్నాయి. సైటులో రెండు ఫోన్ల మధ్య చూసి, "కూల్చి కొత్తది కట్టడమే మేలు" అని జవాబు పెట్టాను. పది నిమిషాలు కూడా పట్టలేదు. ఆ ఒక్క వాక్యం మీద మీరు ప్లాను గీయించారు, చందాలు పోగుచేశారు, రేపు సర్వసభ్య సమావేశంలో తీర్మానం పెడుతున్నారు.

ఆ సాయంత్రం బొలోనియా రైల్లో ఆ ఫొటోలు మళ్ళీ తీశాను. పదకొండింటిలో ఒక్కదాంట్లో కూడా పగులు ఎక్కడ మొదలై ఎక్కడ ఆగిందో లేదు. అది కూడా చూసుకోకుండా చెప్పాను. ముప్ఫై ఏళ్ళుగా నా కింది పిల్లలు అలా చేస్తే కేకలేసినవాణ్ణి.

ఈ ఉదయం ఆరు గంటలకు వచ్చి, వాచ్‌మన్‌తో కలిసి పెంకుల బ్లాకు చుట్టూ మూడుసార్లు తిరిగాను. గానుగ సున్నంతో కట్టిన గోడలు. పెద్ద పగులు పైనుంచి మొదలై కిందికి వస్తూ సన్నబడి, కిటికీ దగ్గర ఆగింది. పునాది కుంగితే వచ్చే తీరు అది కాదేమో అని నా అనుమానం. సరిగ్గా దాని పైన వాన గొట్టం విరిగి, ఏళ్ళుగా నీళ్ళు గోడలోకే పోతున్నాయి. పక్కనే ఒక రావి మొక్క నా భుజమంత ఎత్తు పెరిగింది.

బ్లాకు గట్టిగా ఉందని నేను అనడం లేదు. తెలియకుండా కూల్చమన్నట్టే, తెలియకుండా ఉంచమని అంటే అదీ తప్పే. నేను అడిగేది ఒక్క సంవత్సరం. ఆ గదుల్లోకి పిల్లలను పంపకుండా రేపే తాళం వేయండి. గొట్టం మార్పిద్దాం, రావి మొక్కను వేళ్ళతో తీయిద్దాం. పగులుకు అడ్డంగా గాజు పలకలు అతికించి తేదీ రాద్దాం. గోడ కదిలితే పలక పగులుతుంది. ఒక వానాకాలం, ఒక ఎండాకాలం చూద్దాం. పునాది పక్కన గొయ్యి తీసి పరీక్షిద్దాం. ఆ ఖర్చు నాది. ప్రతి రెండు నెలలకూ నేనే వచ్చి కొలుస్తాను. అప్పుడు కూల్చాలని తేలితే మొదటి సంతకం నేనే పెడతాను.

చందాలిచ్చినవాళ్ళలో నామీద కోపం వచ్చేవాళ్ళు ఉంటారని తెలుసు. వాళ్ళకు నా క్షమాపణ. తీర్మానం మీద ఓటు వేసే ముందు, రేపు ఉదయం ఏడింటికి పెంకుల బ్లాకు దగ్గరికి రండి. అరగంట నడుద్దాం. గైడుగా నేనుంటాను. ఫొటోలు తర్వాత తీసుకుందాం.

సెలవు.