గడీ గోడలు – ఖాళీ అయిన ఊర్లు
(కూర్మన్నపాలెంలో 'దాసి' సినిమా ప్రదర్శనకు ముందు చేసిన ప్రసంగ పాఠం)



మేము తెలంగాణ నుంచి వచ్చినం. మా యాస మీకు కొంచెం కొత్తగా ఉంటది, సర్దుకోండి. చాలా ఏండ్లు తెలుగు సినిమాలో ఈ యాస రౌడీకో, నవ్వించేటోనికో తప్ప దక్కలేదు. ఆ రోజుల్లోనే బి. నర్సింగరావు మా బతుకును తెరమీదికి తెచ్చిండు. ఆయన చిత్రకారుడు, కవి, ఫొటోగ్రాఫర్. 1979లో 'మాభూమి' నిర్మించిండు. దానికి దర్శకుడు బెంగాల్ నుంచి వచ్చిన గౌతమ్ ఘోష్. 1983లో 'రంగుల కల' తానే తీసి, అందులో చిత్రకారుడి పాత్ర కూడా తానే వేసిండు. బొమ్మ ఎవరి కోసం వెయ్యాలన్నదే ఆ సినిమాలో ఆయన పడ్డ తండ్లాట.

ఇయ్యాల మీరు చూసే 'దాసి' 1988 నాటిది. 1920ల నాటి గడీలో దాసిగా బతికే కమలాక్షి కథ. ఒళ్లు ఆమెది కాదు, పొద్దు ఆమెది కాదు. కడుపు పండితే ఆ కడుపును నిలుపుకునే హక్కు కూడా లేదు. చరిత్ర పుస్తకంలో వెట్టి అన్నది ఒక్క మాట. ఇక్కడ అది ఒక ఆడమనిషి నడక, చూపు, ఉలికిపాటు. మాటలు బాగా తక్కువ, డ్యూయెట్లు లేవు. మొదటి పది నిమిషాలు ఓపిక పట్టండి.

దీనికి 5 జాతీయ అవార్డులు వచ్చినయి. ఉత్తమ తెలుగు చిత్రంతో పాటు నటి అర్చనకు, కెమెరా పట్టిన ఏ.కె. బీర్‌కు, దుస్తులకు సుదర్శన్‌కు, కళా దర్శకత్వానికి తోట వైకుంఠంకు. అవార్డుల గొప్ప కోసం చెప్తలేము. దర్శకుడూ చిత్రకారుడే, కళ చూసుకున్నాయనా చిత్రకారుడే. అందుకే గోడ రంగు, చీర రంగు కూడా కథ చెప్తయి.

తెలంగాణ ఎట్ల వచ్చిందంటే నీళ్లు, నిధులు, నియామకాలు అంటరు. నిజమే. కానీ 2014 కన్నా చాలా ముందే, మేమెవరమో మాకు చూపించిన అద్దాల్లో ఇదొకటి.

మరి మీ సంగతేంది? ఉక్కు కోసం 1966లో 32 మంది ప్రాణాలిచ్చిండ్రు. ఫ్యాక్టరీ కోసం వేల ఎకరాలు పోయినయి, ఊర్లకు ఊర్లు లేచినయి. 2021 జనవరిలో కేంద్రం ప్లాంటును అమ్ముతానంటే ఈ కూర్మన్నపాలెంలోనే శిబిరం పడ్డది. ప్లాంటు లెక్క కాగితాల మీద ఉన్నది. లేచిపోయిన ఊర్లో గుడి ఎటువైపు ఉండె, బావి ఎవరింటి ముందు ఉండె అన్న లెక్క ముసలోళ్ల తలకాయల్లోనే ఉన్నది. వాళ్లు ఒక్కొక్కరే పోతున్నరు.

విద్యార్థులకు ఒక మాట. 1987లో నర్సింగరావు 'మా ఊరు' డాక్యుమెంటరీ తీసినప్పుడు కెమెరా అంటే పెద్ద ఖర్చు. ఇప్పుడు మీ జేబులోనే ఉన్నది. నిర్వాసిత కాలనీల్లో ఒక తాతను కూసోబెట్టి, పోయిన ఊరి పటం నేల మీద గీయమనండి. అది తీయండి. మధ్యలో ప్రశ్నలు వేయకండి, వెనుక సంగీతం పెట్టకండి. ఆయన చెప్పుడు ఆపితే మీరూ ఆగండి, కెమెరా మాత్రం ఆపకండి.

ఇగ లైట్లు తీసేయండి, సినిమా వేద్దాం.