పచ్చి టమాటా పచ్చడి - పాడవకుండా ఎలా?



ఉత్తరాంధ్ర పల్లెల్లో టమాటాకు రామములక్కాయ అని మరో పేరు ఉంది. పెరట్లో నాలుగు మొక్కలు వేస్తే కూరకి కొదవ ఉండదు. కానీ కాసిన కాయలన్నీ పండుతాయా? పండవు. గాలివానకి రాలిపోతాయి. 2014 అక్టోబరు 12న హుద్‌హుద్ తుపాను వచ్చింది. 2018 అక్టోబరులో తిత్లీ వచ్చింది. విజయనగరం, శ్రీకాకుళం జిల్లాల్లో పంటలు దెబ్బతిన్నాయి. రామతీర్థం లాంటి ఊళ్లలో తుపాను కబురు వినగానే చెయ్యగల పని ఒకటి ఉంది. పచ్చివైనా సరే, కాయలు ముందే కోసెయ్యొచ్చు. ఎండ కాశాక వాటితో పచ్చడి పెట్టొచ్చు.

పచ్చడి పెట్టడం ఒక ఎత్తు. పాడవకుండా ఉంచడం మరో ఎత్తు.

పచ్చడికి బూజు ఎందుకు పడుతుంది? తడి వల్ల. కంటికి కనపడని సూక్ష్మజీవులు తడిలో పెరుగుతాయి. ఉప్పు, పులుపు, ఎండ వాటిని ఆపుతాయి. పైన నిలిచిన నూనె గాలి తగలనివ్వదు. ఈ నాలుగే పచ్చడికి కాపలా.

పచ్చడి పెట్టే పద్ధతి

బాగా ఎదిగిన గట్టి కాయలు కిలో తీసుకోండి. పిందెలు వద్దు. దెబ్బ తగిలినవి, వరద నీట మునిగినవి అసలే వద్దు. కడిగి, పొడిగుడ్డతో తుడిచి, నీడన ఆరబెట్టండి. ముక్కలు కొయ్యండి. 100 గ్రాముల ఉప్పు, చెంచాడు పసుపు కలిపి జాడీలో వెయ్యండి. మూతికి గుడ్డ కట్టండి.

మూడో రోజు ముక్కలు పిండి, రెండు రోజులు ఎండబెట్టండి. మిగిలిన ఊటలో 100 గ్రాముల చింతపండు నానబెట్టండి. ఊటని కూడా ఎండలో పెట్టండి. తర్వాత రెండూ కలిపి రుబ్బండి. 100 గ్రాముల కారం, వేయించి కొట్టిన మెంతిపొడి చెంచాడు కలపండి. పావుకిలో నువ్వుల నూనెలో ఆవాలు, ఇంగువ పోపు పెట్టండి. చల్లారాక కలపండి. తడి చెయ్యి, తడి గరిటె పెట్టకండి. అల్యూమినియం, ఇత్తడి గిన్నెల్లో ఉంచకండి. పులుపుకి అవి చెడతాయి. రక్తపోటు ఉన్నవాళ్లు కొంచెమే తినాలి.

సీసాల్లో పెట్టే పద్ధతి

ఫ్రాన్సు దేశంలో నికొలా అప్పేర్ అనే వంటవాడు ఉండేవాడు. ఆహారాన్ని సీసాల్లో గట్టిగా మూసి, నీళ్లలో కాచి నిలవ పెట్టాడు. 1810లో ప్రభుత్వం అతనికి 12,000 ఫ్రాంకుల బహుమతి ఇచ్చింది. ఇప్పుడు ఇళ్లలోనూ అలా చేస్తున్నారు. పచ్చి టమాటా ముక్కల్ని ఉప్పు కలిపిన వేడి వెనిగర్‌లో ముంచుతారు. మూత పెట్టి, సీసా మునిగేలా నీళ్లు పోసి మరగనిస్తారు. అర లీటరు సీసాకి 15 నిమిషాలు చాలు.

ఇక్కడే ఒక ప్రమాదం ఉంది. గాలి తగలని చోట, పులుపు చాలని చోట ఒక సూక్ష్మజీవి విషం తయారుచేస్తుంది. ఆ జబ్బు పేరు బాటులిజం. ఆ విషానికి వాసన ఉండదు, రుచి ఉండదు. కళ్లు మసకబారతాయి. రెప్పలు వాలిపోతాయి. మింగడం, మాట్లాడడం కష్టమవుతుంది. ఊపిరి కూడా ఆగిపోవచ్చు. ఇలాంటి గుర్తులు కనిపిస్తే వెంటనే ఆస్పత్రికి తీసుకెళ్లాలి.

మరి ఏం చెయ్యాలి? వెనిగర్ కొనేటప్పుడు సీసా మీద రాసింది చదవండి. ఆమ్లం 5 శాతం అని ఉండాలి. వెనిగర్ ఎంత పోస్తే నీళ్లు అంతకు మించకూడదు. 4 శాతం అని ఉంటే నీళ్లు కలపకండి. పులుపు ఎక్కువని వెనిగర్ తగ్గించకండి. కావాలంటే పంచదార వేసుకోండి. మూత ఉబ్బినా, తీయగానే పొంగినా రుచి చూడొద్దు. అటువంటి సీసాని పశువులకీ పెట్టొద్దు. ఎవరికీ అందకుండా పూడ్చెయ్యండి.

అమ్మేవాళ్లకి ఒక మాట

శివరాత్రికి రామతీర్థం జాతరలో జనం బాగా కూడుతారు. అక్కడ పచ్చడి అమ్మితే నాలుగు డబ్బులొస్తాయి. అయితే ఆహారం అమ్మేవాళ్లు 2006 నాటి చట్టం ప్రకారం తమ పేరు నమోదు చేయించుకోవాలి. ఎంత చిన్న వ్యాపారమైనా సరే.

ఇంటికైనా, అమ్మకానికైనా ప్రతి సీసాకీ ఒక కాగితం అంటించండి. ఏం పచ్చడో రాయండి. పెట్టిన తేదీ రాయండి. ముందు పెట్టింది ముందు వాడండి. అది రాయడానికి ఎవర్నీ పిలవక్కర్లేదు. మీ చేత్తోనే రాయండి.