ఇంటి అప్పు: చివరి వాయిదా వరకు లెక్క

సర్వస్తోత్రాలు సకల లోకాల ప్రభువైన అల్లాహ్‌కే శోభిస్తాయి. ఆయన అంతిమ ప్రవక్త ముహమ్మద్ (స)పై, వారి కుటుంబీకులపై, అనుచరులందరిపై శాంతి శుభాలు కురియుగాక!



దివ్య ఖుర్ఆన్‌లో అన్నింటికన్నా పొడవైన ఆయతు అప్పు పత్రం గురించి అవతరించింది. అల్ బఖర సూరాలోని 282వ ఆయతు అది. అప్పుకు గడువు నిర్ణయించుకోవాలని, దాన్ని రాతలో పెట్టాలని, రాసేవాడు న్యాయంగా రాయాలని, సాక్షులను పెట్టుకోవాలని, మొత్తం చిన్నదైనా పెద్దదైనా రాయడానికి విసుగు చెందరాదని అందులో ఆదేశాలున్నాయి. వాటిలో మనం సాధారణంగా గమనించని ఆదేశం ఒకటి ఉంది. పత్రాన్ని పలికి రాయించవలసినది అప్పు ఇచ్చేవాడు కాదు, తీసుకునేవాడు. అతడు బలహీనుడైతే, పలకలేనివాడైతే, అతని సంరక్షకుడు ఆ పని చేయాలి. తాను ఎంత బాకీ పడుతున్నాడో, ఎప్పటిలోగా తీర్చాలో తన నోటితో చెప్పగలిగినవాడే తన అప్పును ఎరిగినవాడు.

ఇప్పుడు మన పరిస్థితి చూడండి. ఇల్లు కొనేటప్పుడు బ్యాంకులో కూర్చుని, మనకు తెలియని భాషలో ముద్రించిన పత్రాలపై, వేలు చూపిన చోటల్లా సంతకాలు చేసి వస్తాము. ఇంటికి వచ్చాక ఎవరైనా అప్పు ఎంత అని అడిగితే 30 లక్షలు అంటాము. నెలకు ఎంత అని అడిగితే 27 వేలు అంటాము. మొత్తం ఎంత తీర్చాలి అని అడిగితే మాత్రం జవాబు ఉండదు. ఈ రోజు ఆ జవాబును లెక్కవేసి చూద్దాం. మింబర్ మీద అంకెలేమిటని కొందరికి అనిపించవచ్చు. వారసత్వపు వాటాలను, జకాత్‌ను అంకెలతో నేర్పిన ధర్మం మనది.

30 లక్షల రూపాయల అప్పు, ఏడాదికి 9 శాతం వడ్డీ, 20 సంవత్సరాల గడువు అనుకుందాం. నెలసరి వాయిదా సుమారు 26,992 రూపాయలు. 240 వాయిదాలు. అన్నీ కలిపితే 64 లక్షల 78 వేలు. అంటే అసలు 30 లక్షలు, వడ్డీ 34 లక్షల 78 వేలు. ఒక ఇల్లు మనకు కొనుక్కుని, దానికన్నా ఖరీదైన మరొక ఇంటిని అప్పిచ్చినవారికి కట్టి ఇస్తున్నాము.

ఇంతకన్నా తెలుసుకోవలసినది ఆ వాయిదా లోపల ఉంది. మొదటి నెల కట్టే 26,992 రూపాయలలో 22,500 వడ్డీకే పోతుంది. అసలులో తగ్గేది 4,492 రూపాయలు. ప్రతి నెలా మిగిలిన అసలుపై ముందుగా వడ్డీ లెక్కగట్టి, ఆ తర్వాత మిగిలినదే అసలుకు జమచేస్తారు కాబట్టి, తొలి సంవత్సరాలలో మన కష్టార్జితమంతా వడ్డీ వైపే ప్రవహిస్తుంది. అయిదేళ్లు ఒక్క నెల కూడా తప్పకుండా కట్టినవాడు 16 లక్షల 19 వేలు చెల్లించి ఉంటాడు. అతని అప్పు తగ్గింది మాత్రం 3 లక్షల 39 వేలు. ఇంకా 26 లక్షల 61 వేలు మిగిలే ఉంటుంది. అసలులో సగం తీరేది ఎప్పుడో తెలుసా? పదవ ఏట కాదు, పద్నాలుగవ ఏడాది ముగింపులో. అప్పు తీసుకున్నప్పుడు పుట్టిన బిడ్డ అప్పటికి తొమ్మిదవ తరగతి చదువుతుంటాడు.

వాయిదా భారంగా ఉందంటే గడువు పెంచుకోమని సలహా ఇస్తారు. అదే అప్పుకు 30 ఏళ్ల గడువు పెడితే వాయిదా 24,139 రూపాయలకు దిగుతుంది. నెలకు 2,853 రూపాయల ఉపశమనం. దాని వెల ఎంతో చూడండి: మొత్తం చెల్లింపు 86 లక్షల 90 వేలకు చేరుతుంది. ఆ చిన్న ఉపశమనానికి 22 లక్షలకు పైగా అదనం, పదేళ్ల బానిసత్వం అదనం.

అద్దె కట్టడం వృథా కదా, అదే సొమ్ము వాయిదాగా కడితే ఇల్లు మనదవుతుంది కదా అనే మాట మన ఇళ్లలో తరచుగా వినిపిస్తుంది. సొంత ఇల్లు కోరుకోవడంలో తప్పులేదు. ముస్లిం అన్న కారణంతో అద్దెకు ఇల్లు దొరకని బాధ మన సోదరులలో కొందరికి అనుభవమే. దాన్ని తేలికచేసి మాట్లాడను. కాని లెక్క లెక్కే. పైన చెప్పిన అప్పులో తొలి అయిదేళ్లలో వడ్డీగా పోయినది 12 లక్షల 80 వేలు, అంటే సగటున నెలకు 21 వేలకు పైగా. అదీ అద్దెయే. ఇంటికి కాదు, డబ్బుకు కడుతున్న అద్దె. మీ వీధిలో అటువంటి ఇంటికి అద్దె ఎంతో విచారించి, ఈ రెండు అంకెలను పక్కపక్కన పెట్టి చూసుకోండి. ఆదాయపు పన్ను తగ్గుతుంది కదా అని మరికొందరు అంటారు. పాత పన్ను విధానంలో, తాము నివసించే ఇంటి అప్పు వడ్డీపై ఏడాదికి 2 లక్షల వరకే మినహాయింపు. 20 శాతం పన్ను కట్టేవాడికి దానివల్ల మిగిలేది 40 వేల చిల్లర. ఆ 40 వేల కోసం మొదటి ఏడాది అతడు కట్టే వడ్డీ 2 లక్షల 67 వేలు. కొత్త విధానం ఎంచుకున్నవారికి, తాము ఉండే ఇంటిపై ఆ మినహాయింపు కూడా లేదు.

సోదరులారా! ఇంతవరకు వడ్డీ రేటు మారదని అనుకుని లెక్క చెప్పాను. మన దేశంలో గృహరుణాలు చాలావరకు మారే వడ్డీపై ఇచ్చేవి. 2022 మే నెల మొదలు 2023 ఫిబ్రవరి వరకు, పది నెలలలోపే, రిజర్వు బ్యాంకు రెపో రేటు 4 శాతం నుంచి 6.5 శాతానికి పెరిగింది. దాని ఫలితం ఒక ఇంటిపై ఎలా పడుతుందో గమనించండి. 7 శాతం వడ్డీకి 20 ఏళ్ల గడువుతో 30 లక్షలు తీసుకున్నవాడి వాయిదా 23,259 రూపాయలు. ఏడాది తర్వాత రేటు 9.5 శాతం అయితే, అప్పటికి మిగిలిన అసలుపై ఒక్క నెల వడ్డీయే 23,185 రూపాయలు. వాయిదా మార్చకుండా గడువును మాత్రమే పొడిగిస్తే అసలుకు జమపడేది నెలకు 74 రూపాయలు. ఆ లెక్కన ఆ అప్పు తీరడానికి అరవై ఏళ్లు పడుతుంది. అంతదూరం ఏ బ్యాంకూ పోనివ్వదు, వాయిదాను పెంచుతుంది. కాని రేటు పెరిగినప్పుడు వాయిదా మారలేదని సంతోషించి, గడువు ఎంత పెరిగిందో చూసుకోనివారు మనలో ఎందరో ఉన్నారు.

అజ్ఞాన కాలపు అరబ్బుల వడ్డీ ఎలా ఉండేదో ఖుర్ఆన్ వ్యాఖ్యాతలు వివరించారు. గడువు రాగానే అప్పిచ్చినవాడు వచ్చి, తీరుస్తావా, లేక మొత్తం పెంచుతావా అని అడిగేవాడు. తీర్చలేనివాడికి గడువు పెరిగేది, దానితోపాటు బాకీ పెరిగేది. ఆలి ఇమ్రాన్ సూరా 130వ ఆయతులో రెట్టింపులై పెరిగే వడ్డీని తినవద్దని అల్లాహ్ వారించినది ఈ వ్యవహారాన్నే. దైవప్రవక్త (స) తన అంతిమ హజ్ ప్రసంగంలో అజ్ఞాన కాలపు వడ్డీ బాకీలన్నీ రద్దయ్యాయని ప్రకటించి, మొట్టమొదట తన పినతండ్రి అబ్బాస్ (రజి)కి రావలసిన వడ్డీనే రద్దుచేశారు. అసలు మాత్రం అప్పిచ్చినవాడి హక్కు. బాకీదారు ఇబ్బందిలో ఉంటే వెసులుబాటు వచ్చేవరకు గడువివ్వాలి. ఆ గడువుకు వెల ఉండదు.

వెలలేని గడువు అంటే ఏమిటో సహాబాల జీవితంలో ఒక సంఘటన చెబుతుంది. జుబైర్ బిన్ అవ్వామ్ (రజి) వద్ద ప్రజలు తమ సొమ్ము అమానతుగా దాచడానికి వచ్చేవారు. పోతే వారు నష్టపోతారని భయపడి, ఆయన దాన్ని అమానతుగా కాక అప్పుగా తన మీద వేసుకునేవారు. ఆయన అమరులైన తర్వాత కుమారుడు అబ్దుల్లాహ్ లెక్కచూస్తే బాకీలు 22 లక్షలు తేలాయి. చేతిలో నగదు లేదు, భూములూ ఇళ్లూ ఉన్నాయి. అబ్దుల్లాహ్ వాటిని అమ్మి బాకీలు తీర్చారు. మిగతా వారసులు పంపకం చేయమని అడిగితే, నాలుగేళ్లపాటు హజ్ సమయంలో, మా తండ్రి వద్ద బాకీ ఉన్నవారెవరైనా రండి అని చాటించిన తర్వాతే పంచారు. బాకీ ఎంతో అంతే తీరింది. గడువు దాన్ని మేయలేదు.

అయినా అప్పును తేలికగా తీసుకునే అనుమతి మనకు ఎక్కడా లేదు. దైవప్రవక్త (స) నమాజులో అప్పుల బారి నుంచి తరచుగా శరణు వేడుకునేవారు. కారణం అడిగితే, అప్పులో పడ్డవాడు మాట్లాడితే అబద్ధమాడతాడని, వాగ్దానం చేస్తే తప్పుతాడని చెప్పారు. మూడు దీనార్ల బాకీతో మరణించిన వ్యక్తి జనాజా నమాజును, అబూ ఖతాదా (రజి) ఆ బాకీ తనమీద వేసుకునేవరకు చేయించలేదు. మూడు దీనార్లు! మనం 240 వాయిదాలకు సంతకం చేస్తున్నాము, 240 నెలల ఆయుష్షు ఎవరు హామీ ఇచ్చారని?

నిసా సూరా ప్రకారం వారసుల వాటాలు వీలునామా, అప్పులు తీరిన తర్వాతే. అంటే ఈ అప్పు ఇంటి యజమానిది మాత్రమే కాదు, అతని భార్యాబిడ్డల నోటి ముందున్న ముద్దది. ఇక్కడ ఇంకొక అప్పును గుర్తుచేయాలి. బ్యాంకు వాయిదా అయిదో తేదీకి తప్పకుండా కట్టే ఇళ్లలో భార్య మహర్ ఇరవై ఏళ్లుగా బాకీ ఉంటుంది. అంతేకాదు, బ్యాంకు ఇవ్వని భాగం కోసం ఆమె నగలు అమ్ముతారు. ఆ బంగారం ఆమె సొంత ఆస్తి. అది ఇంటిలో కలిస్తే ఆమె పేరున వాటాగానో, ఆమెకు తీర్చవలసిన బాకీగానో రాసిపెట్టాలి. 282వ ఆయతు భార్యాభర్తలకు మినహాయింపు ఇవ్వలేదు.

వడ్డీ అప్పుతో ఇల్లు కొనడం నిషిద్ధమని అత్యధిక ధర్మవేత్తల నిర్ణయం. తప్పనిసరి పరిస్థితులలో ఉన్నవారి విషయం వేరని కొందరు ముఫ్తీలు చర్చించారు. ఎవరి ఇబ్బంది ఎంతటిదో మింబర్ మీద నుంచి తేల్చలేము. ముఫ్తీ దగ్గరకు వెళ్లేవారు అద్దె బాధ ఒక్కటే చెప్పకుండా, చెల్లింపుల పట్టికను కూడా ఆయన ముందు పెట్టండి. మన దేశంలో ఇస్లామీ బ్యాంకింగ్ ప్రతిపాదనను ముందుకు తీసుకువెళ్లరాదని రిజర్వు బ్యాంకు నిర్ణయించినట్లు 2017లో వెల్లడైంది. కాబట్టి ఆ మార్గం ఇక్కడ ఇరుకు. గల్ఫ్‌లో పనిచేసే మన సోదరులకు మురాబహా వంటి పద్ధతులు అందుబాటులో ఉన్నాయి. అందులో అమ్మకపు ధర మొదటే ఖరారవుతుంది, తర్వాత పెరగదు. అయినా ఆ ధర ఎంతో చూసి మరీ ఒప్పుకోవాలి. హలాల్ అన్న పేరు చూసి లెక్క చూడకపోవడం అమాయకత్వం. ఆ పేరు చెప్పుకున్న పథకాలలో పొదుపు పోగొట్టుకున్నవారు మన మధ్యనే ఉన్నారు.

ఇప్పటికే అప్పులో ఉన్నవారు నిరాశపడకండి. త్వరగా బయటపడే దారి ఉంది. వ్యక్తులు మారే వడ్డీపై తీసుకున్న గృహరుణాన్ని ముందుగా తీర్చినా బ్యాంకులు జరిమానా వేయరాదని 2012 నుంచే నిబంధన ఉంది. మొదట చెప్పిన 9 శాతం అప్పులో నెలకు అదనంగా 5,000 కడుతూ పోతే, 20 ఏళ్ల అప్పు 13 ఏళ్ల 7 నెలలకే తీరుతుంది. సుమారు 12 లక్షల 75 వేల వడ్డీ తప్పుతుంది. అయితే అదనంగా కట్టేటప్పుడు వాయిదా కాక గడువే తగ్గించమని రాసి ఇవ్వండి. పెళ్లి పందిరికి, కొత్త బండికి పోయే సొమ్ము ముందు ఇక్కడికి రానివ్వండి.

కొత్తగా సంతకం చేయబోయేవారు ఎవరైనా ఉంటే, 2024 అక్టోబరు నుంచి అప్పు ఇచ్చే సంస్థలు అన్ని ఖర్చులూ కలిపిన వార్షిక రేటును, చెల్లింపుల పట్టికను ఒక ముఖ్యాంశాల పత్రంలో, మీకు అర్థమయ్యే భాషలో ఇవ్వాలి. తెలుగులో అడగండి. బీమా ప్రీమియాన్ని అప్పులోనే కలిపారేమో చూడండి. కలిపితే దానిమీద కూడా 20 ఏళ్లు వడ్డీ నడుస్తుంది.

ఇక మస్జిదు కమిటీల పెద్దలకు ఒక విన్నపం. మన మొహల్లాలలో బ్యాంకులలో పనిచేసి రిటైరైనవారు, లెక్కలు తెలిసిన యువకులు ఉన్నారు. వారానికి ఒకరోజు అసర్ నమాజు తర్వాత గంటసేపు మస్జిదులో కూర్చుని, చదువు రానివారి అప్పు పత్రాలు చదివి పెట్టమని వారిని అడగండి. అల్లాహ్ రాత నేర్పినవాడు రాయడానికి నిరాకరించరాదన్న ఆజ్ఞ కూడా ఆ 282వ ఆయతులోనే ఉంది.

అప్పుల భారం మోస్తున్న మా సోదరులకు, సోదరీమణులకు అల్లాహ్ హలాల్ సంపాదనతో వాటిని తీర్చుకునే శక్తిని ప్రసాదించుగాక! ఆమీన్.